మీకు తెలుసా? కాలు పోవలసిన కుర్రాడు
కెనడాలో నేడు డాక్టరుకు చూపించుకుంటే ఫీజు కట్టనక్కర్లేని వైద్య విధానానికి ఆద్యుడిగా పేరొందిన టామీ డగ్లస్, చిన్నప్పుడు డబ్బు లేక కాలు పోగొట్టుకోబోయాడు!

1904లో స్కాట్లాండ్‌లో పుట్టిన టామీకి మోకాలి ఎముకలో ఇన్‌ఫెక్షన్ సోకింది. కుటుంబం కెనడాలోని విన్నిపెగ్‌కు వలస వచ్చాక, కాలు తీసేయడమే మార్గమన్నారు అక్కడి డాక్టర్లు. పెద్ద సర్జన్‌కు చూపించే స్తోమత ఆ ఇంటికి లేదు. అంతలో ఒక సర్జన్, తన విద్యార్థులు చూసి నేర్చుకోవడానికి ఒప్పుకుంటే ఉచితంగా ఆపరేషన్ చేస్తానన్నాడు. కాలు దక్కింది. ఎంతగా దక్కిందంటే, 1922లో ఆ కుర్రాడే మానిటోబా రాష్ట్ర లైట్‌వెయిట్ బాక్సింగ్ ఛాంపియన్! కానీ అదృష్టం కొద్దీ దొరికిన వైద్యం మిగతా పిల్లలకు దొరకదన్న బాధ ఆయన్ను జీవితాంతం వదల్లేదు.

రాజకీయాల్లోకి వచ్చిన ఆయన 1944లో కెనడాలోని సస్కాచువాన్ రాష్ట్రానికి ప్రీమియర్ (మన ముఖ్యమంత్రి లాంటి పదవి) అయ్యాడు. 1947లో ఆసుపత్రి ఖర్చులకు బీమా తెచ్చాడు. డాక్టర్ల ఫీజులనూ ప్రభుత్వమే భరించే పథకం మాత్రం ఆయన పదవి వీడాక, 1962 జులై 1న మొదలైంది. ఆ రోజే దాన్ని వ్యతిరేకిస్తూ డాక్టర్లు సమ్మెకు దిగారు. 23 రోజులు సాగింది. పథకం నిలిచింది, తర్వాత దేశమంతా పాకింది.

2004లో కెనడాకు చెందిన సీబీసీ టీవీ ‘అత్యంత గొప్ప కెనడియన్ ఎవరు?’ అని అడిగితే, ప్రేక్షకులు ఓటేసి గెలిపించింది ఈయన్నే.