లండన్‌కు 7 రోజుల్లో ఉత్తరం.. కానీ నిజాం స్టాంపు చెల్లదు!

దుబాయ్‌లో ఉన్న కొడుకుకు పాలమూరు నుంచి వీడియో కాల్ ఇప్పుడు క్షణాల్లో కలుస్తుంది. మరి 90 ఏళ్ల కిందట? లండన్‌లో చదువుకునే కొడుకుకు నల్గొండ నుంచి నాలుగు ముక్కలు రాయాలన్నా పెద్ద తతంగమే. మొదటి చిక్కు స్టాంపుతోనే!

అప్పట్లో ఈ రెండు జిల్లాలూ నిజాం రాజ్యంలోవే. 1869 నుంచి నిజాంకు సొంత స్టాంపులున్నాయి. వాటి మీద తెలుగు అక్షరాలు కూడా ఉండేవి. అయితే అవి సంస్థానం లోపలే చెల్లేవి. పొలిమేర దాటే ఉత్తరానికి బ్రిటిష్ ఇండియా స్టాంపు అంటించాల్సిందే.

ఇక సముద్రం దాటడం ఇంకో కథ. 1919 జూన్‌లో ఆల్కాక్, బ్రౌన్ అనే ఇద్దరు అట్లాంటిక్‌ను ఆగకుండా దాటారు. 16 గంటల ప్రయాణం, సంచిలో 197 ఉత్తరాలు. చివరికి దిగింది ఐర్లాండ్ బురదలో!

మన దేశానికి లండన్ నుంచి రెగ్యులర్ ఎయిర్‌మెయిల్ 1929 మార్చి 30న మొదలైంది. ఇంపీరియల్ ఎయిర్‌వేస్ నడిపింది. పేరుకే ఎయిర్‌మెయిల్ అనుకోండి.. బాసెల్ దాకా విమానం, అక్కడి నుంచి జెనోవాకు రైలు, మధ్యధరా సముద్రం మీద నీళ్లలో దిగే విమానం, ఈజిప్టు నుంచి కరాచీకి మళ్లీ మామూలు విమానం. మొత్తం 7 రోజులు. ఓడలో అయితే రెండు వారాలు పట్టేది. ఆ వారం లాభం ఊరికే రాలేదు. అదే ఏడాది అక్టోబర్ 26న 'సిటీ ఆఫ్ రోమ్' అనే విమానం తుఫానులో ఇటలీ తీరంలో దిగి మునిగిపోయింది. అందులోని ఏడుగురూ చనిపోయారు. అది ఇండియా ఉత్తరాలు లండన్‌కు మోసుకెళ్తున్న విమానమే.

కరాచీలో దిగిన సంచులు దక్షిణాదికి రైల్లోనే రావాలి. ఆ లోటు తీర్చింది టాటాలు. 1932 అక్టోబర్ 15న జేఆర్‌డీ టాటా స్వయంగా చిన్న పుస్ మాత్ విమానంలో 25 కిలోల ఉత్తరాలతో కరాచీ నుంచి బొంబాయి వచ్చారు. మధ్యలో అహ్మదాబాద్‌లో పెట్రోల్ డబ్బాలు ఎడ్లబండి మీద వచ్చాయట! బొంబాయి నుంచి బళ్లారి మీదుగా మద్రాసుకు నెవిల్ విన్సెంట్ తీసుకెళ్లారు.

తర్వాత బళ్లారి స్థానంలో హైదరాబాద్ స్టాప్ వచ్చింది. మ్యాప్‌లో హైదరాబాద్ నుంచి మద్రాసుకు గీత గీసి చూడండి.. నల్గొండ, మహబూబ్‌నగర్ మధ్యలో, దేవరకొండ పక్క నుంచే పోతుంది. పైన ఉత్తరాల విమానం, కింద పొలిమేర దాటని స్టాంపు!

ఈ రెండు స్టాంపుల గోల 1950 ఏప్రిల్ 1న తీరింది. ఆ రోజు నిజాం తపాలా భారత తపాలాలో కలిసిపోయింది.