బిడ్డ మాట ఎవరు వింటారు?

ఒక వేసవిలో మదనపల్లె దగ్గరి హార్స్లీ హిల్స్‌కు మా సంఘపు కుటుంబాలతో కలిసి వెళ్ళాము. కొండ అంచున నాలుగేళ్ళ పాప సినిమా పాటకు ఆడుతోంది, తల్లి సెల్‌ఫోనులో తీస్తోంది. అడుగు తప్పినప్పుడల్లా మళ్ళీ మొదటినుంచి. "అమ్మా, ఆకలి" అంది పాప. "ఇంకొక్కసారి, నా బంగారు కదా" అంది తల్లి. మాలో ఒక సహోదరి పలకరిస్తే, "శ్రీదేవి కూడా నాలుగేళ్ళకే మొదలుపెట్టింది కదక్కా" అని నవ్వింది.

ఆ మాట నిజమే. శ్రీదేవి తల్లిది మన తిరుపతి. 1963లో పుట్టిన శ్రీదేవి 1967లో 'కందన్ కరుణై' అనే తమిళ చిత్రంలో తొలిసారి కనిపించింది. 1971లో మలయాళ చిత్రం 'పూంపాట్ట'కు కేరళ ప్రభుత్వం ఉత్తమ బాలనటిగా బహుమతినిచ్చింది. 1972లో 'బడిపంతులు'తో తెలుగువారికి ముద్దుబిడ్డ అయింది. 1976లో 'మూండ్రు ముడిచ్చు'లో కథానాయిక. అప్పటికామె వయసు పదమూడేళ్ళు. మన పిల్లలు ఎనిమిదో తరగతి చదివే వయసు. ఆ కథలో ఆమె ఇరవై ఐదేళ్ళ రజనీకాంత్‌కు సవతి తల్లి! తర్వాత ఎంతో పేరు వచ్చింది, 2013లో పద్మశ్రీ కూడా వచ్చింది. కానీ గడిచిపోయిన బాల్యాన్ని ఏ బిరుదూ తిరిగి తేలేదు.

అమెరికాలో జాకీ కూగన్ అనే బాలుడు 1921లో చార్లీ చాప్లిన్‌తో 'ది కిడ్' చిత్రంలో నటించి లోకమంతటా పేరుపొందాడు. లక్షల డాలర్లు సంపాదించాడు. పెద్దవాడై అడిగేసరికి తల్లీ, మారుతండ్రీ దాదాపు అంతా ఖర్చుచేసేశారు. 1938లో కోర్టుకెక్కితే అతనికి దక్కింది సుమారు 1,26,000 డాలర్లే. అతని గోడు విన్న కాలిఫోర్నియా రాష్ట్రం 1939లో బాలనటుల సంపాదనను కాపాడే చట్టం చేసింది. 1964 నుంచి 1966 వరకు 'ది ఆడమ్స్ ఫ్యామిలీ' అనే టెలివిజన్ ధారావాహికలో గుండుతో నవ్వించిన ఫెస్టర్ మామ ఈ కూగనే.

మన దేశంలోనూ 2016లో బాలకార్మిక చట్టాన్ని సవరించి, 2017లో నియమాలు చేశారు. బాలనటులను రోజుకు 5 గంటలకు మించి పనిచేయించరాదు. విశ్రాంతి లేకుండా 3 గంటలు దాటరాదు. వరుసగా 27 రోజులకు మించరాదు. సంపాదనలో కనీసం 20 శాతం బిడ్డ పేరనే బ్యాంకులో వేయాలి. బిడ్డకు ఇష్టం లేకుండా ఏదీ చేయించరాదు.

ప్రియ తల్లిదండ్రులారా, చట్టం గంటలు లెక్కిస్తుంది, రూపాయలు లెక్కిస్తుంది. "అమ్మా, ఆకలి" అన్న మాట వినవలసింది మాత్రం మనమే. సమూయేలు కూడా పసితనంలోనే మందిరంలో సేవకు వెళ్ళాడు. అయినా హన్నా ఏటేటా చిన్న అంగీ కుట్టి తీసుకువెళ్ళేదని మొదటి సమూయేలు రెండవ అధ్యాయంలో చదువుతాము. బిడ్డ ఎంత ఎదిగాడో ఆ తల్లికి తెలుసు. క్రిస్మసు నాటికలో మన పిల్లలను వేదిక ఎక్కించేటప్పుడు కూడా, ఇది వాళ్ళ సంతోషం కోసమా, మన గొప్ప కోసమా అని ప్రభువు ఎదుట మనలను మనం ప్రశ్నించుకుందాం.

ఆ రోజు మా సహోదరి తన సంచిలోని ఇడ్లీ పొట్లం విప్పి పాపకిచ్చింది. తల్లి ఒక్క క్షణం చూసి, ఫోను కొంగులో చుట్టుకొని, బిడ్డ పక్కన కూర్చుంది.