పావురాలకొండ వయసెంత?

అమ్మలూ, పటంలో హిమాలయాలు, ఆండీస్, ఆల్ప్స్ అన్నీ గుర్తుపెట్టావు కదా, ఇప్పుడు అవి ఎక్కడెక్కడ ఉన్నాయో చూడు. ఆండీస్ దక్షిణ అమెరికా పడమటి అంచు పట్టుకుని 7,000 కిలోమీటర్లు సాగాయి. అక్కడ పసిఫిక్ సముద్రపు అడుగు ఖండం కిందికి దూరిపోతోంది. మన భారత పలక ఆసియాను గుద్దుకుని సుమారు 5 కోట్ల ఏళ్లయింది. ఆ తోపుడు ఇప్పటికీ ఆగలేదు. అందుకే హిమాలయాలు ఇంకా పెరుగుతున్నాయి. ఆఫ్రికా, ఐరోపా ఒత్తుకున్న చోట ఆల్ప్స్ లేచాయి. భూమి పలకలు ఒకదాన్నొకటి నెట్టుకునే చోటే ఎక్కువగా పెద్ద పర్వతాలు పుడతాయన్నమాట.

మరి మన భీమిలి పావురాలకొండ సంగతి? దగ్గర్లో ఏ పలక అంచూ లేదే! ఒకప్పుడు ఉండేది. కాకపోతే ఆ గుద్దులాట జరిగి దాదాపు 100 కోట్ల ఏళ్లయింది.

ఈ కొండరాయిని ఖొండలైట్ అంటారు. మొదట అది పాత సముద్రం అడుగున పేరుకున్న బురద. ఖండాలు ఢీకొన్నప్పుడు ఆ బురద పాతిక కిలోమీటర్ల లోతుకు పోయి, 900 డిగ్రీల వేడిలో ఉడికి, ఎర్రటి గార్నెట్ పలుకులున్న గట్టి రాయిగా మారింది. అంత లోతున తయారైన రాయి ఇవాళ ఎండలో కనబడుతోందంటే, దాని మీదున్న పర్వతమెంత అరిగిపోయిందో ఆలోచించు. పాడేరు వైపు 1,600 మీటర్లు దాటిన శిఖరాలున్నా, ఎవరెస్టు 8,849 మీటర్ల పక్కన తూర్పు కనుమలు పొట్టివే. అందుకని వాటిని చిన్నచూపు చూస్తే నాకు మనసొప్పదు. మనం చూస్తున్నది ఒక మహాపర్వతం వేళ్లని!

వీటికి తోబుట్టువులు ఎక్కడున్నాయో తెలుసా? అంటార్కిటికాలో, మంచు కింద. అప్పట్లో ఈ తీరం, ఆ తీరం కలిసే ఉండేవి. సుమారు 13 కోట్ల ఏళ్ల క్రితం విడిపోయాయి. చాపను నడిమికి చించితే రెండు ముక్కల అల్లికా ఒక్కటే అయినట్టు, ఇక్కడి రాళ్ల రకమూ వయసూ అక్కడి రాళ్లతో సరిపోతాయి.

అరిగిన పర్వతం ఎటు పోయిందంటావా? చాలా భాగం సముద్రంలోకే. గోస్తని అనంతగిరి కొండల్లో పుట్టి, బొర్రా గుహల్లోంచి వచ్చి, మన భీమిలి దగ్గరే సముద్రంలో కలుస్తుంది. దారిపొడుగునా కొండల పొడి మోసుకొస్తూనే ఉంటుంది. భీమిలికి దక్షిణాన ఉన్న ఎర్రమట్టి దిబ్బల్లోనూ ఈ కొండల సొత్తే ఉంది. ఇనుము తుప్పు పట్టి ఇసుక అలా ఎర్రబారింది. దేశం గుర్తించిన భూవారసత్వ స్థలమది. అక్కడ మట్టి తవ్వుతున్నారని వింటే నా ప్రాణం ఉసూరుమంటుంది.

రేపు తీరానికి భూతద్దం పట్టుకురా. అల వెనక్కి పోయాక ఇసుకలో చారలు మిగులుతాయి. నల్లని పలుకుల్లో ఎక్కువ ఇల్మనైట్, ఎర్రనివి గార్నెట్, గాజులా మెరిసేవి క్వార్ట్జ్. విడివిడిగా ఏరి కాగితం మీద అంటించుకుందాం.