కుంచె పట్టిన చేతికి కెమెరా దొరికితే...

సిద్దిపేట పేరు చెప్పగానే బొమ్మలంటే ఇష్టమున్నవాళ్ళకు కాపు రాజయ్యగారు గుర్తొస్తారు. బతుకమ్మ, బోనాలు, కోలాటం - కళ్ళెదుట కనిపించిన బతుకంతా ఆయన బొమ్మల్లోకి ఎక్కింది. మరి ఆ బతుకునే వెండితెర మీదికి ఎక్కించిన చిత్రకారుడెవరు?

బి. నర్సింగరావు. 1946లో గజ్వేల్ పక్కన ప్రజ్ఞాపూర్‌లో పుట్టారు. ఒకప్పుడు మెదక్ జిల్లా అయిన ఆ ఊరు 2016 నుంచి సిద్దిపేట లెక్కలోకి వచ్చింది. 1980లో విడుదలైన 'మా భూమి'కి ఆయన నిర్మాత, దర్శకుడు గౌతమ్ ఘోష్. 'రంగుల కల' (1983)లో చిత్రకారుడి వేషం ఆయనే వేశారు, డైరెక్షనూ ఆయనదే. నా మనసు మాత్రం 1987 నాటి 'మా ఊరు' మీదే!

హీరో లేడు, ఫైటింగ్ లేదు, అది డాక్యుమెంటరీ. "కతలేని సిన్మా ఎవడు జూస్తడన్నా?" అన్నాడు మా తమ్ముడి వరస కుర్రాడొకడు. వాడి తప్పేం లేదులెండి. మా రోజుల్లో అసలు బొమ్మకు ముందు న్యూస్‌రీల్ పడితే సోడాకని బయటికి నడిచినవాళ్ళం మేమూనూ. అందులో గొంతు గంభీరంగా చెప్పుకుపోయేది, బొమ్మ దాని వెనకాల పరుగెత్తేది. చిత్రకారుడికి ఆ తొందర ఉండదు. పనిచేసే మనిషి నడుము ఎలా వంగుతుందో, చెయ్యి ఎక్కడ ఆగుతుందో చూస్తూ కూర్చోగలడు.

కానీ నాకో అనుమానం ఉండేది. ఒకరు ఎండలో చాకిరీ చేస్తుంటే దాన్ని అందంగా చూపించడం న్యాయమేనా? చెమట కూడా రంగులాగే కనిపిస్తే?

'దాసి' (1988) చూశాక ఆ అనుమానం తీరింది. దొర గడీ, అందులో కమలాక్షి అనే దాసి. పాటల్లేవు, మాటలూ తక్కువే. ఫ్రేము ఎంత అందంగా ఉంటే కమలాక్షి అందులో అంత బందీగా కనిపిస్తుంది! గడుపు పండితే ఆ బిడ్డను కనే హక్కు కూడా ఆమెకు లేదు. అర్చన ఉత్తమ నటి, ఎ.కె. బీర్ ఉత్తమ ఛాయాగ్రాహకుడు, కళాదర్శకత్వానికి మరో చిత్రకారుడు తోట వైకుంఠం, దుస్తులకు సుదర్శన్, తెలుగులో ఉత్తమ చిత్రం - మొత్తం 5 జాతీయ అవార్డులు! ఇన్ని వచ్చినా మన కుర్రకారులో ఎంతమంది చూశారో చేతులెత్తమంటే నాకు భయమే.

ఆ తర్వాత 'మట్టి మనుషులు' (1990). ఊరు విడిచి హైదరాబాదులో ఇళ్ళు కట్టే కూలీల కథ. 'మా ఊరు' చూసిన మర్నాడే దీన్ని చూడండి. తట్ట మోసే ఆ మనుషులు వదిలేసి వచ్చిందేమిటో ఎవరూ చెప్పనక్కర్లేదు. మా కుర్రాడు సగంలో లేచిపోతాడనుకున్నా. సోడాకు కూడా లేవలేదు.