కోర్టు కాగితం చేతికొచ్చాక ఏడాది లెక్క మరవొద్దు

హైకోర్టులో గెలిచామని ఊళ్లో మిఠాయి పంచిన రైతే, ఆర్నెల్ల తర్వాత అదే కాగితం పట్టుకుని మండలాఫీసు అరుగు మీద కనిపిస్తాడు. "అయ్యగారు మీటింగులో ఉన్నారు, సోమవారం రా" అంటారు. సోమవారాలు గడుస్తుంటాయి. ఈ తిరుగుళ్లలో పోయేది బస్సు చార్జీలొక్కటే కాదు, కేసు వేసే గడువు కూడా.

ఉత్తర్వును కావాలని అమలు చేయకపోతే అది కోర్టు ధిక్కారం. 1971 నాటి చట్టం కింద ఆరు నెలల దాకా సాధారణ జైలు, 2,000 రూపాయల దాకా జరిమానా. తహసీల్దారైనా కలెక్టరైనా ఒకటే. నెల్లూరు జిల్లాలో ఒక మహిళా రైతు భూమి తీసుకున్న వ్యవహారంలో మూడు నెలల్లో పరిహారం చెల్లించమని 2017లో హైకోర్టు చెప్పింది. చెల్లించలేదు. ఆమె ధిక్కార కేసు వేసింది. డబ్బు వచ్చేసరికి 2021 అయింది. ఆ సెప్టెంబరులో ఐదుగురు ఐఏఎస్ అధికారులకు కోర్టు జైలుశిక్ష విధించి, అప్పీలుకు వీలుగా అమలు ఆపింది. వాళ్లు జైలుకు వెళ్లడం అటుంచండి, కేసే వేయకుంటే ఆమెకు ఆ డబ్బు అప్పటికైనా అందేదా?

అయితే ఈ కేసు ఏడాది లోపే వేయాలి. అదే చట్టంలోని 20వ సెక్షన్ మాట ఇది. ఉత్తర్వులో 'మూడు నెలల్లో' అని ఉంటే, ఆ మూడు నెలలు దాటినప్పటి నుంచి లెక్క. గడువేమీ రాయకపోతే హైకోర్టు రిట్ నియమాల ప్రకారం ఉత్తర్వు అందిన రెండు నెలల్లో అమలు చేయాలి. కాబట్టి అందినట్టు రుజువు మన దగ్గరుండాలి. సర్టిఫైడ్ నకలు జతచేసి అర్జీ రాసి, ఆఫీసు ఇన్‌వార్డులో ఇచ్చి, మన కాపీ మీద తేదీతో ముద్ర వేయించుకోవాలి. నోటిమాటగా చెప్పి వస్తే చెల్లదు. అధికారి బదిలీ అయితే కొత్తాయనకూ ఒక నకలు ఇవ్వండి. ధిక్కార కేసు కుర్చీ మీద కాదు, పేరుపెట్టి మనిషి మీద వేస్తారు.

"అప్పీలు వేశామయ్యా" అంటే బెదరొద్దు. స్టే ఉందా అని అడగండి. స్టే లేని అప్పీలు ఉత్తర్వును ఆపదు.

ఒక మెలిక ఉంది. పాసుపుస్తకాల తగాదాల్లో చాలాసార్లు కోర్టు 'అర్జీని పరిశీలించి నిర్ణయం తీసుకోండి' అని మాత్రమే అంటుంది. మనవాళ్లు దాన్ని గెలుపు అనుకుంటారు. తహసీల్దారు పరిశీలించి 'కుదరదు' అని రాసిస్తే అది ధిక్కారం కాదు, దాని మీద మళ్లీ పోరాడాల్సిందే. అందుకే ఉత్తర్వు చివరి పేరా వకీలు చేత తెలుగులో చెప్పించుకోండి. ఇక భూసేకరణ పరిహారం పెంచుతూ కింది కోర్టు ఇచ్చిన డిక్రీ సొమ్ముకు దారి వేరు. దానికి ఈపీ వేయాలి, పన్నెండేళ్ల వ్యవధి ఉంది.

ఖర్చుకు జంకేవారు జిల్లా కోర్టు ఆవరణలోని న్యాయసేవాధికార సంస్థలో అడగవచ్చు. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా వకీలును ఉచితంగా పెడతారు, మిగతావారిలో చాలామందికి ఆదాయ పరిమితి ఉంది. వెళ్లేటప్పుడు ఉత్తర్వు నకలు, ముద్ర వేయించిన అర్జీ కాపీ వెంట తీసుకెళ్లండి.