886 వేస్తే 402 పడ్డాయి: కర్రీ లెక్క, వీడియో గేమ్ తిప్పలు

2016 ఏప్రిల్ 13 రాత్రి కాలిఫోర్నియాలోని రెండు ఊళ్లలో రెండు బాస్కెట్‌బాల్ మ్యాచులు జరిగాయి. లాస్ ఏంజెలిస్‌లో కోబీ బ్రయంట్‌కి అది కెరీర్‌లో ఆఖరి ఆట. యూటా జాజ్ మీద 60 పాయింట్లు కొట్టి రిటైరయ్యాడు. ఓక్లాండ్‌లో స్టెఫెన్ కర్రీ మెంఫిస్ గ్రిజ్లీస్ మీద 46 కొట్టాడు. ఆ గెలుపుతో అతని జట్టు గోల్డెన్ స్టేట్ వారియర్స్ ఒకే సీజన్లో 73 విజయాలు సాధించి, అప్పటికి ఇరవై ఏళ్ల కిందటి షికాగో బుల్స్ 72 విజయాల రికార్డును చెరిపేసింది.

స్కోరు ఒక్కటే చూస్తే ఆ రాత్రి కోబీదే. పక్క గడిలో ఇంకో అంకె ఉంది. కోబీ 60 పాయింట్ల కోసం 50 షాట్లు వేశాడు. కర్రీ 46 పాయింట్లు చేయడానికి 24 వేశాడు. ఫ్రీ త్రోల పాయింట్లు కూడా కలుపుకుని చూస్తే కోబీకి షాటుకు 1.2 పాయింట్లు, కర్రీకి 1.9. క్రికెట్ చూసేవాళ్లకి ఇది కొత్త విషయమేమీ కాదు. 60 బంతుల్లో 80 కొట్టినవాణ్ణీ, 30 బంతుల్లో 60 కొట్టినవాణ్ణీ ఒకే గాటన కట్టం కదా. కాకపోతే బాస్కెట్‌బాల్‌లో స్ట్రైక్ రేట్ తీయడం అంత తేలిక కాదు. అక్కడ ఒక్కో షాటుకు ఒక్కో విలువ.

మామూలు బుట్టకు 2 పాయింట్లు, గీత బయటి నుంచి వేస్తే 3, ఫ్రీ త్రోకు 1. ఆ గీత బుట్టకు ఎదురుగా 7.24 మీటర్ల దూరంలో, మూలల్లో 6.7 మీటర్ల దూరంలో ఉంటుంది. త్రీలు మూడింట ఒకటి పడినా చాలు, దగ్గర్నుంచి వేసే షాట్లు సగం పడినదానితో సమానం. ఇంత చిన్న కూడిక తలకెక్కడానికి అమెరికా బాస్కెట్‌బాల్ లీగ్ ఎన్‌బీఏకి ముప్పై ఏళ్లు పైనే పట్టింది. ఈ గీత వచ్చిన 1979-80 సీజన్లో ఒక్కో జట్టు మ్యాచుకు సగటున 2.8 త్రీలు వేసేది. 2015-16కి అది 24 అయింది.

అందుకే ఉత్తి షూటింగ్ శాతం మోసం చేస్తుంది. దాని దృష్టిలో రెండూ మూడూ ఒకటే. ఇప్పుడు విశ్లేషకులు ఎక్కువగా వాడే కొలత పేరు ట్రూ షూటింగ్. మొత్తం పాయింట్లను, వేసిన షాట్లూ ఫ్రీ త్రోలూ కలిపిన ప్రయత్నాలకు రెట్టింపు సంఖ్యతో భాగిస్తారు. అందులో ఒక్కో ఫ్రీ త్రోని 0.44 ప్రయత్నంగా లెక్కేస్తారు. మామూలుగా రెండేసి ఫ్రీ త్రోలు కలిసి వస్తాయి కాబట్టి 0.5 ఉండాలి. కానీ బుట్ట పడ్డాక అదనంగా దక్కే ఒంటి ఫ్రీ త్రోలు, టెక్నికల్ ఫౌల్‌కి వచ్చేవి కొన్ని ఉంటాయి. వాటికి జట్టు కొత్తగా బంతి ఖర్చు పెట్టినట్టు కాదు. అందుకే ఆ తగ్గింపు.

కర్రీ 2015-16 సీజన్‌తో ఈ లెక్క చేసి చూద్దాం. 79 మ్యాచులు, 1598 షాట్లు, అందులో పడినవి 805. ఈ 805లో త్రీలు 402 (వేసినవి 886). ఫ్రీ త్రోలు 400 వేస్తే 363 పడ్డాయి. మొత్తం పాయింట్లు 2375. ఇప్పుడు 400ను 0.44తో గుణిస్తే 176. దానికి 1598 కలిపితే 1774, రెట్టింపు చేస్తే 3548. 2375ను దాంతో భాగిస్తే 66.9 శాతం. ఆ ఏడాది లీగ్ సగటు 54 దగ్గర ఉంది.

కోబీ 2005-06లో మ్యాచుకు 35.4 పాయింట్ల సగటుతో ఆడాడు. ఆ సీజన్లో 2173 షాట్లు వేశాడు, 2832 పాయింట్లు చేశాడు. ట్రూ షూటింగ్ 55.9. ఇది చెడ్డ అంకె కాదు, ఆ రోజుల్లో సగటు కంటే మెరుగే. జట్టులో ఇంకెవరి మీదా ఆశ లేనప్పుడు, ఇద్దరు మీద పడుతున్నా ప్రతి రాత్రీ 27 షాట్లు వేయడం కూడా ఒక పనే. కోబీని 'బంతి వదలడు' అని తీసిపారేసేవాళ్ల మాట నాకు ఎప్పుడూ సగం నిజంగానే తోచింది. కర్రీ 66.9 మాత్రం మరో మెట్టు మీది అంకె. సాధారణంగా అలాంటి అంకెలు బుట్ట కిందే నిలబడి అందిన బంతిని పైనుంచి దించేసే పొడగరులకు వస్తాయి. ఏడు మీటర్ల అవతల నుంచి ఇన్నేసి వేసేవాడికి రావడం చాలా అరుదు.

ఇక శాతం ఒక్కదాన్నే పట్టుకుంటే ఏమవుతుందో చూడండి. ఒక సీజన్లో అత్యధిక త్రీ శాతం రికార్డు కర్రీది కాదు, కైల్ కోర్వర్‌ది. 2009-10లో 53.6 శాతం. కానీ ఆ సీజన్ మొత్తం మీద అతను వేసింది 110, పడినవి 59. అంతకుముందు రికార్డు 1994-95లో స్టీవ్ కెర్ పేరున ఉండేది: 170కి 89, అంటే 52.4 శాతం. ఈ కెర్ తర్వాత కర్రీకి కోచ్ అయ్యాడు. రెండో కొసన జేమ్స్ హార్డెన్ ఉన్నాడు. 2018-19లో 1028 త్రీలు వేస్తే 378 పడ్డాయి, 36.8 శాతం.

కోర్వర్, హార్డెన్, కర్రీ ముగ్గురినీ ఒకే తాటి మీదికి తేవడానికి ఒక మొరటు లెక్క ఉంది. అదే ఏడాది సగటు షూటర్ అన్నే షాట్లు వేస్తే ఎన్ని పడేవి, మనవాడికి ఎన్ని పడ్డాయి? తేడాను 3తో గుణించాలి. ఆ మూడు సీజన్లలోనూ లీగ్ సగటు 35.5 శాతం దగ్గర్లోనే ఉంది. కోర్వర్‌కి 20 బుట్టలు ఎక్కువ, అంటే 60 పాయింట్లు. హార్డెన్‌కి 13 బుట్టలు, 39 పాయింట్లు. కర్రీకి 88 బుట్టలు, దాదాపు 265 పాయింట్లు. హార్డెన్ పట్ల ఈ లెక్క కొంచెం కఠినమే. అతను వేసినవాటిలో చాలా భాగం ఎవరూ పాస్ ఇవ్వకుండా, ఎదురుగా ఉన్నవాడి నుంచి వెనక్కి అడుగేసి తానే సృష్టించుకున్న షాట్లు. తేలిక షాట్లు అతని వాటాకు తక్కువ. అయినా 265కీ 39కీ ఉన్న దూరం ఆ ఒక్క కారణంతో పూడేది కాదు.

నన్ను అన్నిటికంటే ఆపి ఆలోచింపజేసేది కర్రీ ఏడాదేడాది వరస. 2012-13లో 600 త్రీలు వేశాడు, 45.3 శాతం. మరుసటేడు 615, 42.4 శాతం. 2014-15లో 646, 44.3 శాతం. ఆ పై ఏడాది ఒక్కసారిగా 886, శాతం 45.4. ఇలా జరగకూడదు. ఎవరైనా ముందు తేలిక షాట్లే ఏరుకుంటారు. ఎక్కువ వేయాలంటే కష్టమైనవి కూడా వేయాలి, ఈలోగా ప్రత్యర్థులు మెలకువ తెచ్చుకుంటారు, శాతం పడిపోతుంది. కర్రీకి 2014-15 కంటే పెరిగిన షాట్లు 240, పెరిగిన బుట్టలు 116. అంటే ఆ అదనపు వాటాలో 48 శాతం పడినట్టు. ఎక్కువ వేసినకొద్దీ గురి మెరుగైందన్నమాట.

అదే సీజన్లో ఫిబ్రవరి 27న ఓక్లహోమా సిటీలో జరిగింది దీనికి మచ్చుతునక. ఓవర్‌టైమ్‌లో స్కోరు 118-118, గడియారంలో క్షణాలే మిగిలాయి. కర్రీ బంతి పట్టుకుని మధ్యగీత దాటి రెండడుగులు వేశాడో లేదో, దాదాపు 11 మీటర్ల దూరం నుంచి ఎత్తేశాడు. అక్కడి నుంచి వేస్తాడని కాచేవాడు అనుకోలేదు. బంతి పడింది, 121-118. ఆ మ్యాచులో అది అతని పన్నెండో త్రీ. సీజన్ రికార్డు 286 కూడా ఆ రాత్రే దాటేశాడు. దాన్ని అంతకుముందు ఏడాది నెలకొల్పింది కూడా అతనే.

ఇలాంటి షాట్లే వీడియో గేమ్ తయారీదారులను ఇరుకున పెట్టింది. ఎన్‌బీఏ 2కే16 అట్ట మీద బొమ్మల్లో కర్రీది ఒకటి. ఆ గేమ్‌లో మొదట్నుంచీ ఉన్న సూత్రం, మంచి షాటుకు ఫలితం, చెడ్డ షాటుకు శిక్ష. డ్రిబుల్ చేస్తూ, కాళ్లు కుదురుకోకుండా, గీతకు బారెడు అవతల నుంచి వేస్తే అది చెడ్డ షాటు. నిజ జీవితంలో ఒకడు ఆ చెడ్డ షాట్లనే సగటు ఆటగాడి మంచి షాట్ల కంటే బాగా వేస్తుంటే కోడ్ ఏం చేయాలి? ఆ గేమ్ రూపకర్తల్లో ఒకడైన మైక్ వాంగ్, కర్రీని ఆటలోకి దించడం తమకు పెద్ద పరీక్ష అయిందని, తమ నియమాలను అతను విరగ్గొడుతున్నాడని ఆ సీజన్‌లోనే ఒప్పుకున్నాడు. గేమ్ లెక్కలు వంచడం కొత్తేమీ కాదనుకోండి. 1993 నాటి ఎన్‌బీఏ జామ్‌లో వరసగా మూడు బుట్టలు వేస్తే బంతికి నిప్పంటుకుని గురి అమాంతం పెరిగేది. దాన్ని రాసిన మార్క్ టర్మెల్ డెట్రాయిట్ పిస్టన్స్ అభిమాని. పిస్టన్స్ మీద షికాగో వాళ్లు చివరి క్షణంలో వేసే షాట్లు తప్పేలా కోడ్‌లో దొంగతనంగా పెట్టానని ఆయనే తర్వాత బయటపెట్టాడు.

2కే గేముల్లో ఒక్కో ఆటగాడికి రెండు రకాల అంకెలుంటాయి. ఒకటి రేటింగ్, షాట్ వేస్తే పడే బలం. కర్రీ త్రీ రేటింగ్ ఇటీవలి గేముల్లో 99. రెండోది టెండెన్సీ, అంటే అతను ఏ షాట్ ఎంత తరచుగా వేయాలన్నది. ఎన్ని వేశాడు, ఎన్ని పడ్డాయి అనే మన రెండు ప్రశ్నలూ ఇక్కడ రెండు వేర్వేరు గడుల్లో కూర్చున్నాయి. నిజమైన ఆటలో అవి ఒకదాన్నొకటి లాగుతుంటాయి. గేమ్‌లో ఎవరి గడి వారిదే. చిక్కంతా అక్కడే ఉంది. పైగా టెండెన్సీ పనిచేసేది కంప్యూటర్ ఆడిస్తున్నప్పుడే. కంట్రోలర్ మీ చేతికి రాగానే టెండెన్సీ మీ బొటనవేలు. అసలు కర్రీ మ్యాచుకు 11 త్రీలు వేస్తే, మీరు అన్ని షాట్లూ అతనితోనే వేయించవచ్చు. బంతి వదిలే టైమింగ్ కుదిరి తెర మీది షాట్ మీటర్ ఆకుపచ్చగా వెలిగితే రేటింగ్ లెక్క కూడా వెనక్కి పోతుంది. ఆన్‌లైన్‌లో కర్రీ జట్టు ఎదురైతే అవతలివాళ్లు మూలిగేది ఇందుకే.

గేమ్ అచ్చం నిజంలా ఆడాలనుకునేవాళ్లు ముందు సరిచూడాల్సింది సమయం. ఎన్‌బీఏలో క్వార్టర్ 12 నిమిషాలు, గేమ్‌లో చాలామంది ఆడేది 5 లేదా 6. ఆరు నిమిషాల క్వార్టర్లయితే అన్నీ సగం చేయాలి. 2015-16 కర్రీ మ్యాచుకు 11.2 త్రీలు వేస్తే 5.1 పడ్డాయి, 30 పాయింట్లు. మీ గేమ్‌లో అది 5 లేదా 6 త్రీలు, రెండో మూడో పడటం, 15 పాయింట్లు. తెర మీద కర్రీ 15 పాయింట్లతో ముగిస్తే గేమ్ అతన్ని తక్కువ చేసిందని తిట్టుకుంటాం. నిజానికి అదే సరైన లెక్క. 5 నిమిషాల క్వార్టర్లలో 30 కొడుతున్నాడంటే టెండెన్సీ అయినా మితిమీరినట్టు, మీరైనా ఇంకెవరికీ బంతి ఇవ్వనట్టు.

ఇక శాతం సంగతి. 45.4 శాతం గురి ఉన్నవాడు ఒక మ్యాచులో 5 త్రీలు వేస్తే, ఐదూ తప్పే అవకాశం దాదాపు 5 శాతం. అంటే ఇరవై మ్యాచుల్లో ఒకటి. నాలుగైదు పడే అవకాశం 13.5 శాతం. ఒక రాత్రి సున్నా, మర్నాడు ఐదుకు నాలుగు. ఇది చూసి గేమ్ మోసం చేస్తోందనుకుని సెట్టింగుల్లోని స్లైడర్లు జరిపేసేవాళ్లు ఎందరో. కోడ్‌లో ఏ తప్పూ లేకుండానే ఇలా జరుగుతుంది. 110 షాట్ల తర్వాత కూడా శాతం అయిదు పాయింట్లు అటూ ఇటూ ఊగడం మామూలే. కోర్వర్ రికార్డును కాస్త అనుమానంగా చూడాల్సింది అందుకే. 886 షాట్లకు ఆ ఊపు 1.7 పాయింట్లకు తగ్గిపోతుంది. కర్రీ 45.4 అదృష్టం మీద వచ్చింది కాదని చెప్పగలిగేది అన్ని వేశాడు కాబట్టే. ఎన్ని వేశాడన్నది ఇక్కడ గురికి సాక్ష్యం కూడా.

గేమ్ పట్టుకోలేనిది ఇంకోటుంది. కర్రీ బంతి ముట్టకుండా మూల నుంచి మూలకు పరిగెత్తినా ఇద్దరు అతని వెంట పోతారు. బుట్ట కింద సహచరుడు ఒంటరిగా నిలబడి ఉంటాడు. ఆ రెండు పాయింట్లు కర్రీ ఖాతాలో పడవు, ట్రూ షూటింగ్‌లోనూ కనపడవు. 2016 ఎంవీపీ (అత్యంత విలువైన ఆటగాడు) ఓటింగ్‌లో 131కి 131 మొదటి స్థానం ఓట్లూ అతనికే వెళ్లాయి. లీగ్ చరిత్రలో అలా జరగడం అదే మొదటిసారి. ఓటేసినవాళ్లు ఆ పరుగును కూడా లెక్కలో వేసుకునే ఉంటారు.

మీరు 2కేలో సొంత సీజన్ నడుపుతుంటే ఒక్క మాట. కర్రీ ఎక్కువ కొట్టేస్తున్నాడని 99ని తగ్గించకండి. ముందు క్వార్టర్ నిడివికి సరిపడా టెండెన్సీని దించండి. కనీసం 200 త్రీలు పడనీయండి, తప్పనీయండి, లెక్క రాసుకోండి. అప్పటికీ 50 శాతం దాటి పోతుంటేనే రేటింగ్ మీద చెయ్యి వేయండి.