నరికితేనే నిలిచే చెట్టు: జపాన్ కునుగి, మూడొందల ఏళ్ల ఆకు ఎరువు సేద్యం



ప్రకృతి సేద్యంలోకి కొత్తగా వచ్చిన రైతులు నన్ను ఎక్కువగా అడిగే ప్రశ్న ఒకటుంది. "జీవామృతం సరే అన్నా, ఆవు ఉంది, చేసుకుంటాం. కానీ ఆచ్ఛాదనకు ఇన్ని ఆకులు, ఇంత చెత్త ఎక్కడి నుంచి తేవాలి?" న్యాయమైన ప్రశ్నే. వరిగడ్డి పశువులకే చాలదు. బయట కొనాలంటే బండి కిరాయితో కలిపి ఖర్చు తడిసి మోపెడవుతుంది. దీనికి జపాన్ రైతులు మూడొందల ఏళ్ల కిందటే ఒక సమాధానం వెతుక్కున్నారు. ఆ సమాధానం ఒక చెట్టు. దాని పేరు కునుగి.

జపాన్ అనగానే మనకు గుర్తొచ్చేది ఫుకువోకా గారు, గడ్డిపరక. గడ్డి గురించి మనం చాలా మాట్లాడుకున్నాం. ఈసారి ఆకు గురించి మాట్లాడుకుందాం. పైన ఇచ్చిన వీడియోలో చెట్టు, ఆకుల కుప్పలు, పుట్టగొడుగుల దుంగలు చూడొచ్చు. వీడియోలో పట్టని వివరాలు ఇక్కడ రాస్తున్నాను.

చెట్టు ఎలా ఉంటుంది?

కునుగి ఓక్ జాతి చెట్టు. శాస్త్రీయ నామం క్వెర్కస్ అక్యుటిసిమా. జపాన్, కొరియా, చైనాల నుంచి నేపాల్, భూటాన్, మన ఈశాన్య రాష్ట్రాల దాకా ఉంది. ఆకు పొడవుగా ఉంటుంది, అంచున రంపం పళ్లలాంటి మొనలుంటాయి. అందుకే ఇంగ్లీషులో దీన్ని సాటూత్ ఓక్ అంటారు. కాయ గుండ్రంగా, చిన్న గోలీకాయలా ఉంటుంది. దాని కింద బొచ్చు టోపీలాంటి గిన్నె. ఈ ఏడాది వసంతంలో పూత పూస్తే, కాయ పండేది వచ్చే ఏడాది శరదృతువులో.

చలికాలం ముందు ఆకు గోధుమరంగుకు తిరిగి రాలుతుంది. జపాన్ రైతుకు కావలసింది ఆ ఆకే.

మూడు ముక్కల పొలం

టోక్యోకు దగ్గర్లో సైతామా అనే ప్రాంతం ఉంది. అక్కడి ముసాషినో మెట్ట అగ్నిపర్వతపు బూడిద పేరుకున్న నేల. నీటి వసతి తక్కువ, సారం తక్కువ, గాలి వీస్తే పైమన్ను లేచిపోయేది. 1694లో అక్కడి పాలకుడు యానగిసావా యోషియాసు కొత్త ఊళ్లు కట్టించి, సాగు మొదలు పెట్టించాడు. 1696 నాటికి ఆ పని పూర్తయింది. ఆ ఊళ్లనే సాంతోమె షిందెన్ అంటారు.

భూమి పంచిన తీరు చూడండి. ఒక్కో కుటుంబానికి సుమారు 72 మీటర్ల వెడల్పు, 675 మీటర్ల పొడవున్న పట్టీ. మన లెక్కలో దాదాపు 12 ఎకరాలు. రోడ్డు వైపు ఇల్లు, ఇంటి చుట్టూ గాలికి అడ్డుగా చెట్లు. మధ్యలో పొలం. వెనక భాగమంతా అడవి. ఆ అడవి ముక్కలో కునుగి, దాని తోబుట్టువైన కొనారా ఓక్ పెంచారు. బల్లపరుపు నేలే అయినా ఆ అడవి ముక్కను వాళ్లు ఇప్పటికీ "యామా", అంటే కొండ, అనే పిలుస్తారు.

ఇక్కడ ఒక్క క్షణం ఆగి ఆలోచించండి. కొత్త నేల మీద సాగు మొదలుపెట్టిన కుటుంబాలు అవి. ఉన్న భూమంతా దున్నేద్దాం అనుకోవడం సహజం. అయినా పెద్ద ముక్కను చెట్లకు వదిలారు. ఎందుకంటే ఆ ముక్క లేకపోతే ముందున్న పొలం పండదని వాళ్లకు తెలుసు. అది బీడు కాదు, పొలానికి ఎరువు తయారయ్యే చోటు.

ఆకు ఎరువు ఎలా చేస్తారు?

చలికాలంలో, పొలం పనులు తగ్గినప్పుడు, ఇంటిల్లిపాదీ యామాలోకి వెళ్తారు. ముందు కింద పెరిగిన పొదలు కోసేస్తారు. తర్వాత వెదురు పళ్ల చీపుర్లతో ఆకులు ఊడ్చి, మనిషి పట్టేంత పెద్ద వెదురు బుట్టల్లో తొక్కి నింపుతారు. ఇంటి దగ్గర కుప్పపోసి, నీళ్లు చల్లి, తవుడో కోళ్ల పెంటో కలిపి తొక్కుతారు. మధ్యమధ్య తిరగేస్తారు. ఓక్ ఆకు మందం, అందులో వగరు పదార్థం టానిన్ ఎక్కువ, కాబట్టి తొందరగా కుళ్లదు. ఏడాది, ఒక్కోసారి అంతకంటే ఎక్కువ పడుతుంది. మనం ఘనజీవామృతంలా వారంలో తయారవుతుందనుకుంటే కుదరదు. కానీ నెమ్మదిగా కుళ్లే ఆకే నేలలో ఎక్కువ కాలం ఉంటుంది, గుల్లదనం ఇస్తుంది, తేమను పట్టుకుంటుంది.

ఇంకో ఉపయోగం కూడా ఉంది. కొత్త ఆకు కుళ్లేటప్పుడు వేడి పుడుతుంది కదా, ఆ వేడి మీద చిలగడదుంప నారు పెంచుతారు. చల్లటి వసంతంలో కరెంటు లేకుండా, ప్లాస్టిక్ లేకుండా వెచ్చటి నారుమడి. నారు తీశాక ఆ ఆకునే మరింత మాగబెట్టి పొలానికి తోలతారు. సాంతోమె చిలగడదుంపకు జపాన్‌లో ఈనాటికీ మంచి పేరు. 2023లో ఐక్యరాజ్యసమితి ఆహార, వ్యవసాయ సంస్థ ఈ ఆకు ఎరువు పద్ధతిని ప్రపంచ వ్యవసాయ వారసత్వంగా గుర్తించింది.

నరికితేనే నిలుస్తుంది

ఆకు ఒక్కటే అయితే ఇది ఇన్ని వందల ఏళ్లు నడిచేది కాదు. చెట్టును నరకడం కూడా ఈ పద్ధతిలో భాగమే. పదిహేను, ఇరవై ఏళ్లకోసారి కునుగిని మొదట్లో నరికేస్తారు. వేరు చావదు. వసంతంలో మోడు నుంచి పదీ పదిహేను పిలకలు లేస్తాయి. వాటిలో బలమైన రెండు మూడు ఉంచి మిగతావి తీసేస్తారు. పాత వేరు బలం ఉంది కాబట్టి విత్తనం నుంచి వచ్చిన మొక్క కంటే వేగంగా ఎదుగుతుంది. ఏటా అడవిలో కొద్ది భాగమే నరుకుతారు కాబట్టి ఆకుకు ఎప్పుడూ కొరత రాదు.

నరికిన కలప బొగ్గుకు పోయేది. హ్యోగో ప్రాంతంలో కవానిషి దగ్గర కురోకవా అనే ఊరుంది. అక్కడ చెట్టును నేలకు కాకుండా మనిషి ఎత్తులో, ఒకటి రెండు మీటర్ల దగ్గర నరుకుతారు. ఎనిమిది, పదేళ్లకోసారి అదే చోట కోత. మొదలు లావుగా, బుడిపెలతో ముసలి గుంజలా ఉంటుంది, పైన మాత్రం లేత కొమ్మలు. ఆ బొగ్గును అడ్డంగా కోస్తే మధ్య నుంచి అంచుదాకా చామంతి రేకుల్లా గీతలు కనిపిస్తాయి. అందుకే దాన్ని చామంతి బొగ్గు అంటారు. జపాన్ వాళ్ల తేనీటి వేడుకలో కుంపటికి ఇదే కావాలి.

దుంగ మీద పుట్టగొడుగు, కింద చెరువు

దక్షిణాన క్యూషూ దీవిలో కునిసాకి ద్వీపకల్పం ఉంది. వాన తక్కువ, వాగులు పొట్టివి, నేల నీటిని నిలవనీయదు. రైతులు చిన్న చిన్న చెరువులు తవ్వి ఒకదానికొకటి కలిపారు. అలాంటివి దాదాపు 1200 ఉన్నాయి. మన కాకతీయుల గొలుసు చెరువులు గుర్తొస్తున్నాయా? నాకూ అవే గుర్తొచ్చాయి. ఆ చెరువుల పైన కొండవాలు మీద కునుగి అడవి. రాలిన ఆకు దుప్పటిలా పరుచుకుని వాన నీటిని ఇంకిస్తుంది, ఆ ఊటే కింద చెరువుకు చేరుతుంది.

ఆ అడవి వాళ్లకు రొక్కం కూడా ఇస్తుంది, షిటాకె పుట్టగొడుగు రూపంలో. శరదృతువులో ఆకు రంగు మారేటప్పుడు చెట్టు నరికి, ఆకులతోనే కొన్నాళ్లు వదిలేస్తారు. ఆకులే లోపలి తడిని లాగేస్తాయి. తర్వాత మీటరు పైచిలుకు దుంగలుగా కోసి, వసంతం మొదట్లో రంధ్రాలు చేసి షిటాకె విత్తనం బిరడాలు దిగ్గొడతారు. నీడలో రెండు వేసవులు గడిచాక పుట్టగొడుగులు వస్తాయి. కొన్నేళ్లు కాపిచ్చాక దుంగ మెత్తబడి అడవి నేలలోనే కలిసిపోతుంది. ఈలోగా నరికిన మోడు మళ్లీ చెట్టవుతుంది. పదిహేనేళ్లకు మళ్లీ కోత. ఎండు షిటాకెలో జపాన్‌లో మొదటి స్థానం ఈ ఒయితా ప్రాంతానిదే. 2013లో కునిసాకి కూడా ప్రపంచ వ్యవసాయ వారసత్వాల్లో చేరింది.

చెట్టు మీద బతికే జీవాలు

వేసవిలో కునుగి బెరడు నుంచి కారే రసం కోసం కొమ్ము పురుగులు, కందిరీగలు, సీతాకోకచిలుకలు గుమిగూడతాయి. జపాన్ జాతీయ సీతాకోకచిలుక ఒమురాసాకి కూడా ఆ గుంపులో ఉంటుంది. కొమ్ము పురుగు అనగానే మన కొబ్బరి రైతు ఉలిక్కిపడతాడు. అక్కడి పురుగు వేరే జాతి, పిల్లలు దాన్ని ముచ్చటగా పెంచుకుంటారు. దాని గొంగళ్లు పెరిగేది ఆకు ఎరువు కుప్పల్లో, కుళ్లిన దుంగల్లో. అంటే రైతు కుప్ప పోస్తేనే ఆ పురుగుకూ ఇల్లు.

పట్టుకు కూడా ఈ చెట్టే ఆధారం. నగానో ప్రాంతంలోని అజుమినోలో కునుగి ఆకు మీద యామామయు అనే అడవి పట్టుపురుగును పెంచుతారు. గూడు లేత ఆకుపచ్చగా ఉంటుంది. మన దేశంలో మణిపూర్‌లో ఓక్ దసలి పట్టుకు ఇదే చెట్టు ముఖ్యమైన మేత. అక్కడ దీన్ని ఉయుంగ్ అంటారు. మన చెన్నూరు, మహదేవపూర్ అడవుల్లో మద్ది చెట్ల మీద దసలి పట్టు పెంచే రైతులకు ఈ పని కొత్తగా చెప్పక్కర్లేదు. చెట్టు వేరైనా పని అదే.

ఇక కాయ. పచ్చిగా తింటే విపరీతమైన వగరు. పశువులు ఎక్కువ తింటే ప్రమాదం కూడా. కొరియాలో ఈ చెట్టును సంగ్సురి అంటారు. దీనివీ, ఇతర ఓక్‌లవీ కాయలు ఎండబెట్టి, పొట్టు తీసి, రుబ్బి, నీళ్లు మారుస్తూ నానబెట్టి వగరు తీస్తారు. అడుగున పేరుకున్న పిండిని నీళ్లతో ఉడికించి చల్లారిస్తే జున్నుముక్కలా గట్టిపడుతుంది. అదే దొతోరిముక్. ఒకప్పుడు కరువు తిండి, ఇప్పుడు హోటళ్లలో ఇష్టంగా తినే వంటకం. కొండలెక్కేవాళ్లను ఇప్పుడు అక్కడ అధికారులు కాయలు ఏరుకుపోవద్దని చెబుతున్నారు, ఉడతలకు మిగలాలి కదా.

వాడటం మానేస్తే ఏమైంది?

1950ల చివరి నుంచి జపాన్ ఇళ్లలోకి గ్యాసు, కిరోసిన్ వచ్చాయి. బొగ్గు అడిగేవాడు లేడు. పొలాల్లోకి రసాయన ఎరువు బస్తా వచ్చింది. ఆకు ఊడ్చేవాడు లేడు. అడవిని ఎవరూ నరకలేదు, కాబట్టి అది బాగుపడాలి అనుకుంటాం. జరిగింది అది కాదు. కింద పొట్టి వెదురు పొదలు కమ్మేశాయి, నేలకు ఎండ తగలక వసంతంలో పూసే చిన్న మొక్కలు పోయాయి. చెట్లు ముసలివై లావెక్కాయి. బాగా లావెక్కిన చెట్టును నరికితే చిగురించే శక్తి తగ్గుతుంది. లావు మానులనే ఎంచుకుని దొలిచే ఒక చిన్న పురుగు, అది మోసుకొచ్చే బూజు తెగులు కలిసి చాలాచోట్ల ఓక్ అడవులను ఎండబెడుతున్నాయి.

సాంతోమెలో ఇంకో దెబ్బ పడింది. పొలానికి వారసత్వ పన్నులో ఇచ్చే వెసులుబాటు యామాకు లేదు, ఎందుకంటే కాగితం మీద అది పొలం కాదు. పెద్దాయన పోతే పన్ను కట్టడానికి వారసులు ఆ అడవి ముక్కనే అమ్ముకోవాల్సి వచ్చింది. కొన్నిచోట్ల గోదాములు లేచాయి. పొలాన్ని పోషించే అడవిని పొలంలో భాగమని చట్టం గుర్తించకపోతే ఇలాగే ఉంటుంది.

మరి మనం ఏం చేద్దాం?

ముందే చెబుతున్నాను, కునుగి మొక్కలు తెప్పించకండి. అది చలి ప్రాంతాల చెట్టు. అమెరికాలో జింకలకు, టర్కీ కోళ్లకు మేతగా ఉంటుందని దీన్ని విరివిగా నాటారు. ఇప్పుడు కొన్నిచోట్ల అది అక్కడి అడవుల్లోకి పాకుతోందని వద్దంటున్నారు. మనం తెచ్చుకోవాల్సింది మొక్కను కాదు, పద్ధతిని.

- కొంత భూమిని ఆకు కోసం కేటాయించండి. గట్లు, కంచె, పనికిరాదనుకున్న రాతి మూల, ఏదైనా సరే. రెండెకరాల రైతుకు గట్టు చాలు.
- నరికితే చిగురించే, మన దగ్గర పెరిగే చెట్లనే నాటండి. గిరిపుష్పం, కానుగ, మద్ది. మన తాతలు కానుగ, వేప, జిల్లేడు మండలు తెచ్చి దమ్ములో తొక్కినవాళ్లే.
- అన్నీ ఒకేసారి కొట్టకండి. గట్టును భాగాలుగా చేసి ఏడాదికో భాగం కొట్టండి. కోత ఏటవాలుగా ఉంటే మోడు మీద నీళ్లు నిలవవు.
- పచ్చి ఆకు తొందరగా కుళ్లుతుంది, మామిడిలాంటి మందపు ఎండుటాకు నెమ్మదిగా కుళ్లుతుంది. రెండూ కలిపి, పేడనీళ్లు చల్లి కుప్ప వేయండి.
- తోటలో రాలిన ఆకుకు నిప్పు పెట్టకండి. మన పొలాల్లో ఏటా ఎక్కువగా నష్టపోయేది అక్కడే.

ఆచ్ఛాదన కొనుక్కునే సరుకు కాదండీ, పొలంలో పండించుకునే పంట. సాంతోమె రైతులు మూడొందల ఏళ్లుగా దాన్ని పండిస్తూనే ఉన్నారు.

వీడియోలో ఆకులు తొక్కే తీరు, పిలకలు ఎంచే తీరు జాగ్రత్తగా చూడండి. ఈ ఎండాకాలంలోపు మీ గట్టు మీద ఏ చెట్లున్నాయో, ఎన్ని ఉన్నాయో ఒక కాగితం మీద రాసుకోండి. వానలు పడగానే ఖాళీల్లో గిరిపుష్పం కర్రలు, కానుగ గింజలు పెట్టేయొచ్చు.